థానాలో ఇసక లారీ, దాని పక్కన నా స్కూటరు

నేను నోరు విప్పకపోయి ఉంటే మా బావ లారీ ఆ మధ్యాహ్నమే ఇంటికొచ్చేసేది. ఈ మాట మా అక్క ఇప్పటికీ అంటుంది. ఎదురుగా అన్నప్పుడు నేను ఒప్పుకోను. రాసేటప్పుడు ఒప్పుకోవచ్చు. కాగితం తిరిగి దెప్పదు కదా.

ఎనభైల మొదట్లో మాట. జంషెడ్‌పూరు అప్పటికి బీహారులోనే ఉంది. నేను ప్లాంటులో క్రేన్ ఆపరేటర్ని. అంత ఎత్తున కూర్చున్నవాడికి కింద ఉన్నవన్నీ చిన్నవిగా కనిపిస్తాయి. అందుకేనేమో, కిందికి దిగాక ప్రతిదీ కాస్త పెద్దది చేసి చెప్పే అలవాటయింది నాకు. గోల్‌మురిలో మా తెలుగువాళ్ళ క్వార్టర్ల లైన్లో నా మాటని సగానికి కోసి, మిగిలిన సగంలో మళ్ళీ సగం నమ్మేవాళ్ళు. అది లెక్కపెట్టుకునే నేనూ నాలుగింతలు చెప్పేవాణ్ణి. మా మధ్య అలా ఒక ఒప్పందం నడిచిపోయేది. గొడవంతా ఆ ఒప్పందం తెలియనివాడి ముందు నోరు తెరిచినందుకు వచ్చింది.

మా బావ అంటే మా పెద్దక్క మొగుడు. ప్లాంటులో ఒక ఠేకాదారు, అంటే కాంట్రాక్టరు, కింద పదమూడేళ్ళు చేసి, ఆ పని వదిలేసి ఒక పాత లారీ కొన్నాడు. ఎడమ తలుపు కొబ్బరితాడుతో కట్టుకోవాలి. ఎక్కాలంటే తాడు విప్పాలి, దిగాలంటే మళ్ళీ విప్పాలి. అయినా దానికి పొద్దున్నే బొట్టు పెట్టి, నిమ్మకాయ కట్టి, మా అక్కకి ఎప్పుడూ చెప్పనన్ని కబుర్లు చెప్పేవాడు. సువర్ణరేఖ ఒడ్డున ఇసక నింపుకుని అవతలి ఒడ్డున మాంగో పేటలో కొత్తగా కడుతున్న ఇళ్ళకి దింపడం అతని పని. ఇంట్లో ముగ్గురు పిల్లలు. వాళ్ళ అన్నం, బడి, మా అక్క మందులు, అన్నీ ఆ లారీ చక్రాల మీదే.

ట్రిప్పుకొక చలానా, ఇసకకి డబ్బు కట్టిన రసీదు, ఉండాలి, అది చట్టం. పొద్దుటి చలానా మీదే రెండో ట్రిప్పు కూడా తోలేయడం, అది వాడుక. అందరూ తోలేవాళ్ళు. ఆ రోజు బావా తోలాడు. వంతెన దాటి మాంగోలో దిగేసరికి గనుల ఆఫీసువాళ్ళు, పోలీసులు కలిసి ఆపారు.

ఆ వేళ నాకు వీక్లీ ఆఫ్. తలకి నూనె రాసుకుని కూర్చున్నాను. పక్క క్వార్టరాయన సైకిల్ మీద వచ్చి, "మీ బావ బండి పట్టేసినారు, బేగెల్లు" అన్నాడు. నూనె తలతోనే స్కూటర్ తీశాను. ఆరేళ్ళు ఎదురుచూస్తే వచ్చిన స్కూటర్ అది. ఎనిమిదేళ్ళని చెప్పేవాణ్ణి.

నేను వెళ్ళేసరికి దారోగా, అంటే అక్కడి ఎస్సై, బానెట్ మీద కాగితం పెట్టుకుని రాస్తున్నాడు. బావ మెడలో గంఛా తువ్వాలు వేసుకుని తల దించుకుని నిలబడ్డాడు. తప్పు ఒప్పేసుకున్నాడు. జరిమానా కట్టు, బండి తీసుకుపో, ఇంకోసారి దొరికితే చూసుకో... వ్యవహారం అక్కడిదాకా వచ్చేసింది. ఇంకో పది నిమిషాలు నేను ఏ పాన్ దుకాణం దగ్గరో ఆగి ఉంటే సరిపోయేది.

ఆగలేదు. దారోగా ముందుకెళ్ళి దణ్ణం పెట్టి, నాకు వచ్చిన హిందీలో మొదలుపెట్టాను.

"హుజూర్, ఇది అమ్ముకునే ఇసక కాదు. రాముడి ఇసక. నవమి వస్తోంది కదా, మా తెలుగువాళ్ళం పందిరి వేసి కింద కొత్త ఇసక పరుస్తాం. తరతరాల ఆచారం."

ఇందులో ఆచారం మాట నిజమే. మా గుడి ముందు తాటాకు పందిరి వేసి, నది ఇసక పరిచి, దాని మీద సీతారాముల కల్యాణం చేస్తాం. పానకం తాగుతాం, వడపప్పు తింటాం, మధ్యాహ్నానికి ఇళ్ళకెళ్ళి పడుకుంటాం. మాకు నవమంటే అంతే. ఈ లారీ ఇసక మాత్రం మాంగోలో ఒక మేడకి పోతోంది.

దారోగా కలం ఆగింది. కరిగాడనుకున్నాను. మంచి ఊపు వచ్చింది నాకు.

"ఇదొక్కటే కాదు హుజూర్, ఇలాంటివి పదకొండు లారీలు వస్తాయి. వేలమంది జనం. ఒరిస్సా నుంచి కూడా దిగుతారు."

బావ వెనకనుంచి నా చొక్కా లాగాడు. సంతోషంతో లాగాడనుకున్నాను.

నా బుర్రలో వెలగని సంగతి ఒకటుంది. ఆ ఊళ్ళో నవమంటే పోలీసులకి పానకం కాదు. జెండాలు, డప్పులు, కర్రసాము అఖాడాలు, ఊరేగింపులు. ఆ పదిహేను రోజులూ వాళ్ళకి సెలవులుండవు. వీధి మలుపు మలుపుకీ బెంచీ వేసుకుని గుండె చేత్తో పట్టుకుని కూర్చుంటారు. అలాంటివాడి చెవిలో నేను ఒకే గుక్కలో నవమి, పదకొండు లారీలు, వేలమంది, పక్క రాష్ట్రం అని పోశాను.

దారోగా నన్ను పైనుంచి కిందిదాకా చూసి, ఇద్దరు కానిస్టేబుళ్ళకి ఇనప చువ్వలిచ్చి లారీ ఎక్కించాడు. కర్రలో, రాళ్ళో, ఇంకేమైనానో దాచామేమోనని ఇసకంతా పొడిచి చూశారు. నది నుంచి వచ్చిన ఒంటి రబ్బరు చెప్పు ఒకటి దొరికింది. దాన్ని కూడా జప్తు జాబితాలో రాసుకున్నారు.

"నువ్వు దేని మీద వచ్చావు?" అన్నాడు దారోగా.

"స్కూటర్ మీద, హుజూర్."

"అది కూడా రాయి" అన్నాడు పక్కవాడితో.

లారీ, స్కూటర్, చెప్పు. మూడూ థానాకి, ఆ పేట పోలీసు స్టేషనుకి, వెళ్ళాయి. బావా నేనూ వంతెన మీద నడుచుకుంటూ వెనక్కొచ్చాం. సగం దూరంలో బావ ఆగి కింద నీళ్ళకేసి చూస్తూ, "పదకొండా?" అన్నాడు. అంతే.

నవమి అయ్యేదాకా బండి కదలదన్నారు. సరే అన్నాం. నవమి అయింది. బండి కదల్లేదు. అసలు తిరగడం అక్కణ్ణించే మొదలైంది.

గనుల ఆఫీసుకి వెళ్తే, "మాది చిన్న కేసు, మేం వదిలేస్తాం, కాని మీ ఫైలు సాక్చిలో కచేరీకి పోయింది, శాంతిభద్రతల విషయమట" అన్నారు. కచేరీకి వెళ్తే పేష్కారు, అంటే అధికారి ముందు ఫైళ్ళు పెట్టే గుమాస్తా, "థానా నుంచి రిపోర్టు రాలేదు" అన్నాడు. థానాకి వెళ్తే, "గనుల ఆఫీసు చెప్తే పంపుతాం" అన్నారు. ఈ మూడింటి మధ్యా ఎన్నిసార్లు తిరిగానంటే... వద్దులెండి, అంకె చెప్తే మీరు సగానికి కోస్తారు. ప్లాంటులో షిఫ్టులు మార్చుకుని, మార్చుకున్నవాళ్ళకి మళ్ళీ షిఫ్టులు బాకీపడి, ఆఖరికి ఏ వారం ఏ షిఫ్టో నాకే తెలిసేది కాదు. ఒక మంగళవారం సాహెబు టూరు. మరో మంగళవారం వకీళ్ళ సమ్మె. మూడో మంగళవారం అందరూ ఉన్నారు, ఫైలు లేదు. బీరువా తాళం ఉన్నాయన మేనకోడలి పెళ్ళికి ఆరా అనే ఊరికి వెళ్ళాడట.

నా చిరాకు నాది. బావ బాధ వేరే. లారీ నిండు లోడుతో నిలబడి ఉంది. అలా రోజుల తరబడి బరువుమీద నిలబెడితే కింద స్ప్రింగుల్లాంటి కమాన్ పట్టీలు అణిగిపోతాయి, టైర్లు పగుళ్ళిస్తాయి. ఇసక దింపేస్తే బండి బతుకుతుంది. దింపనివ్వరు. ఇసక సాక్ష్యమట. బావ రోజూ పొద్దున్నే వెళ్ళి ఇరుసుల కింద ఇటుకలు పేర్చి వచ్చేవాడు. మర్నాటికి ఆ ఇటుకలు ఎవరో పట్టుకుపోయేవారు. థానాలో ఇటుకలకి మాత్రం కాపలా లేదు. ఇసక మీద గడ్డి మొలిచింది. ఒక కుక్క పైకెక్కి నాలుగు పిల్లల్ని పెట్టింది. నిజంగా నాలుగే.

"వానలు దిగితే అయిపోతాదిరా" అన్నాడు బావ ఒకరోజు. "తడిసిన ఇసక బరువు దీని నడుం ఇరిసేత్తాది. అప్పుడు ఇడిసినా తూకానికే."

జ్యేష్ఠం వచ్చేసింది. ఆకాశం కేసి చూడాలంటే భయమేసేది.

అక్క ఇంటికి వెళ్ళడం మానేద్దామనుకున్నాను గాని, వెళ్ళకపోతే ఇంకా ఎక్కువ తిడుతుందని వెళ్ళేవాణ్ణి. పప్పుచారు పోస్తూనే మొదలెట్టేది.

"రా నాయనా, కూకో. పదకొండు లారీల మారాజువి. ఒక్క లారీ పప్పుచారు సాల్తాదా?"

"అక్కా, నానేటి సేసేను? మంచికే కదా..."

"మంచికా? ఆ మడిసి తప్పు ఒప్పేసుకున్నాడు. ఎలిపోవలసిన పని. మజ్జెన నిన్నెవలు పిలిసినారు? బొట్టెట్టి పిలిసినారా?"

వాళ్ళ పెద్దమ్మాయి పుస్తకంలోంచి తలెత్తకుండానే, "మామా, ఇస్ బార్ సచ్ బోల్ దో నా" అంది. ఈసారికి నిజం చెప్పేయొచ్చుగా అని. తొమ్మిదో క్లాసు పిల్ల.

సరే, నిజమే చెప్దామని వెళ్ళాను. ఇన్నేళ్ళ జీవితంలో సొంత ఇష్టంతో నిజం చెప్పడానికి బయల్దేరిన రోజది. తెల్ల చొక్కా కూడా వేసుకున్నాను.

పేష్కారు ముందు చేతులు కట్టుకుని, "బాబూజీ, ఆ రోజు అబద్ధం చెప్పాను. అది పందిరి ఇసక కాదు. పదకొండు లారీలు లేవు. వేలమంది లేరు. మా గుడి ముందు నిండా పడితే మూడొందలమంది. మా బావ ఒక చలానా మీద రెండు ట్రిప్పులు తోలాడు, అంతే" అన్నాను.

పేష్కారు కళ్ళజోడు తీసి తుడుచుకున్నాడు. మళ్ళీ పెట్టుకున్నాడు.

"నిన్నెవరు బెదిరించారు?" అన్నాడు.

"ఎవరూ లేరు బాబూజీ."

"నవమికి ముందు రాముడిదన్నావు. నవమి అయ్యాక కాదంటున్నావు. వెనక ఎవరో ఉన్నారు. ఇది ఇంకా పైకి పంపాల్సిన విషయంలా ఉంది."

నాకు ఏడుపొచ్చింది. అబద్ధం చెప్తే అక్షరం పొల్లుపోకుండా రాసుకున్నారు. నిజం చెప్తే కలం మూత కూడా తియ్యలేదు. మా లైన్లో వాళ్ళు నయం, కనీసం పావువంతు నమ్ముతారు.

చాలాసేపు బతిమాలాక ఒక దారి చెప్పాడు. "ఇసక మీ మందిరానిదని రాసి ఉంది. మందిరం వాళ్ళు సంతకాలు పెట్టి, మీ ఆచారమేమిటో, ఈ లారీ సంగతేమిటో రాసివ్వాలి. అది చూసి సాహెబు ఏదో ఒకటి చేస్తాడు."

మందిరం కమిటీ అంటే మా గోల్‌మురి పెద్దలే. అందరికంటే పెద్దాయన రోలింగు మిల్లులో పనిచేసి రిటైరైన తాత. సంతకం అడిగితే కుదరదన్నాడు. ఆదివారం గుడి అరుగు మీద అందరి ముందూ జరిగింది జరిగినట్టు చెప్పాలన్నాడు. నాకు అంతకన్నా వేరే శిక్ష అక్కర్లేదు.

ఆదివారం పొద్దున్న అరుగు నిండిపోయింది. కల్యాణానికి కూడా అంత త్వరగా రారు. నేను లేచాను.

"ఆ రోజు నేను స్కూటర్ మీద వెళ్ళేసరికి, అక్కడ ఓ పాతికమంది పోలీసులు..."

"ఎంతమంది?" అంది ముందు వరసలో కూర్చున్న మామ్మ. ఆవిడకి నోట్లో పళ్ళు లేవు గాని నోరుంది.

"...పదిమంది."

"ఎంతమందిరా?"

"నలుగురు మామ్మా."

"ఆఁ, అలగ సెప్పు. కొయ్యకు."

అలా ప్రతి మాటా ఆవిడ చేతిలో చిక్కిపోతూ వచ్చింది. చువ్వలు రెండయ్యాయి. జనం మూడొందలయ్యారు. దారోగా మీసం కూడా మామూలు మీసమైపోయింది. మొత్తం కథ ఐదు నిమిషాల్లో అయిపోయింది. నా పద్ధతిలో చెప్తే గంటన్నర పట్టేది. చెప్పి కూర్చున్నాక ఎవరూ నవ్వలేదు. అదే కష్టమనిపించింది.

తాత గుడి ముందు నేలకేసి చూశాడు. అప్పుడన్నాడు: "ఈ గుడికి మొదటి పందిరేసినప్పుడు మా ఆడోళ్ళు నదికెల్లి తట్టల్తో ఇసక మోసుకొచ్చినారు. నాలుగు మైళ్ళు. ఒక్క తట్ట దొంగది కాదు. నువ్వు అమ్మకపు ఇసకని రాముడి ఇసకన్నావు."

"తప్పయిపోయింది తాతా. బావ బండి కోసం..."

"మీ బావ నిన్ను అడిగినాడా?"

బావ స్తంభానికి ఆనుకుని నిలబడి ఉన్నాడు. అందరూ అతనికేసి చూశారు. అడిగాడనొచ్చు, అడగలేదనొచ్చు. గంఛాతో ముఖం తుడుచుకుని, "ఆడి మాట ఎందుకు తాతా. సలానా లేకండా తోలింది నాను. అది రాయండి ముందు" అన్నాడు.

తాత అదే రాయించాడు. ఈ సంఘంవాళ్ళం ప్రతి నవమికీ పందిరి కింద నది ఇసక పరచడం మా ఆచారం. కల్యాణం తప్ప ఊరేగింపులేవీ మాకు లేవు. ఈ లారీ ఇసక మాది కాదు, మేం తెప్పించలేదు. డ్రైవరు చలానా లేకుండా తోలినట్టు ఒప్పుకున్నాడు. అతని బావమరిది పిచ్చి మాటలు మాట్లాడాడు. చివరి వాక్యం కాస్త మార్చమని అడిగాను. మామ్మ, "మారిస్తే నాను ఏలుముద్ర ఎయ్యను" అంది. పదహారు సంతకాలు, తొమ్మిది వేలిముద్రలు.

దాన్ని పట్టుకుని కచేరీకి వెళ్తున్నప్పుడు నాకు ఆశ లేదు. రక్షించే మాట ఒక్కటీ లేదందులో. అంతా ఒప్పుకోలే. కాని సాహెబు దాన్ని రెండుసార్లు చదివి, పానకమంటే ఏమిటని అడిగాడు. బెల్లం, మిరియాలు, ఏలకులు అన్నాను. ఇంకేమైనా చేర్చబోయి ఆగాను. ఆయన పెద్దగా నవ్వి, పేష్కారుకేసి చూసి, "దీనికా మీరు రెండున్నర నెలలు ఫైలు తిప్పింది?" అన్నాడు. శాంతిభద్రతల సంగతి కొట్టేశాడు. చలానా లేనందుకు జరిమానా. అంటే మొదటిరోజు వంతెన దగ్గర కట్టి వెళ్ళిపోదామనుకున్నదే. లారీ, స్కూటర్ విడుదల. ఇసక ప్రభుత్వానిది.

మేం థానాకి చేరేసరికి వాన మొదలైంది. అదే మొదటి వాన.

విడుదల కాగితం చూసి అక్కడ రాతకోతలు చూసే మున్షీ, "సామానంతా ముట్టినట్టు సంతకం పెట్టండి. లారీ ఒకటి, స్కూటర్ ఒకటి, చెప్పు ఒకటి" అన్నాడు.

"చెప్పు మాది కాదండీ" అన్నాను.

"జాబితాలో ఉంది. తీసుకోకపోతే కాగితం పూర్తికాదు."

ఆ మాత్రం దానికి మళ్ళీ సాక్చి పంపిస్తాడేమోనని నోరు మూసుకుని చెప్పు తీసుకున్నాను.

ఇసక మాత్రం మేమే దింపి అప్పగించాలట. కుక్కపిల్లల్ని ముందు దింపాం. అప్పటికవి పిల్లల్లా లేవు, నా చెయ్యి కరిచాయి. తర్వాత బావా నేనూ రెండు పారలు తీసుకుని, వానలో, తడిసి ముద్దయిన ఆ ఇసకంతా థానా పెరట్లో పోశాం. అప్పటిదాకా లారీ మీద ఎంత ఇసక పడుతుందో నాకు తెలియదు. తెలియకే కాబోలు పదకొండు అన్నాను. ఖాళీ అయ్యాక లారీ పైకి లేస్తుందని చూశాం. కుడివైపు లేచింది. ఎడమవైపు లేవలేదు. బావ వంగి చూసి, కమాన్ పట్టీ మీద చెయ్యి వేసి లేచాడు. ఆ చెయ్యి వాన నీళ్ళలో కడుక్కున్నాడు. బండి నడుస్తుంది గాని లోడు మొయ్యాలంటే పట్టీలన్నీ మార్చాలి. ఇంకెన్నాళ్ళో.

స్కూటర్ ఎంత తన్నినా కదల్లేదు. దాన్ని కూడా ఎత్తి లారీ వెనక పడేశాం. నలుగురు కానిస్టేబుళ్ళు తోస్తే లారీ స్టార్టయింది. ఎడమ తలుపు తాడు కుళ్ళిపోయి ఉంది. తలుపుని నేను చేత్తో పట్టుకుని కూర్చున్నాను. ఒడిలో చెప్పు.

వంతెన ఎక్కబోతుంటే రెయిన్‌కోటు వేసుకున్న కానిస్టేబులొకడు చెయ్యెత్తి ఆపాడు. వాడు కొత్తవాడు.

"పీఛే క్యా హై?" అన్నాడు, వెనక ఏముందని.

బావ స్టీరింగు మీద చేతులు అలాగే ఉంచి నాకేసి చూశాడు. రెండున్నర నెలల్లో నాకేసి సూటిగా చూడటం అదే మొదలు. "నువ్వే సెప్పు" అన్నాడు.

నాకు తోచినవి చాలా ఉన్నాయి. నోటిదాకా వచ్చాయి కూడా.

"స్కూటర్ ఉంది. నాదే. చెడిపోయింది. థానాలో విడిపించుకుని ఇంటికెళ్తున్నాం" అన్నాను హిందీలో, ఒక్క మాట కలపకుండా.

వాడు నా ముఖం చూశాడు, నా చేతిలో తలుపు చూశాడు, ఒడిలో ఒంటి చెప్పు చూశాడు.

"కహానీ మత్ సునావో", కథలు చెప్పకు అని, వెనకవైపు ఎక్కి వెతకడం మొదలుపెట్టాడు.